తీసుకున్న తుపాకీ ఎవరింటికి తిరిగిపోతోంది?

వాడ మీద దాడి జరుగుతుంది. పత్రికల్లో వస్తుంది. మంత్రులు వస్తారు, నష్టపరిహారం ప్రకటిస్తారు, పోలీసు పికెట్ పెడతారు. ఆ హడావుడిలోనే, ఉద్యమం గట్టిగా నిలబడితే, ఊరి పెత్తందార్ల తుపాకీ లైసెన్సులు రద్దు చేశామని కలెక్టరుగారు ఒక ప్రకటన ఇస్తారు. ఆ తర్వాత ఏడాది తిరుగుతుంది, రెండేళ్ళు తిరుగుతాయి. పికెట్ ఎత్తేస్తారు. సాక్షులు బోనెక్కాల్సిన రోజులు దగ్గరపడతాయి. అప్పుడు ఆ తుపాకీ పోలీసు కొట్టులోంచి బయటికొచ్చి మళ్ళీ పెత్తందారు గోడకెక్కడానికి చట్టంలో దారి తెరిచే ఉంది. దొంగదారి కాదది. హైకోర్టు ఉత్తర్వుతో, ముద్రలతో, దర్జాగా వచ్చే రాజమార్గం.

తుపాకీ లైసెన్సుల మీద కోర్టులు ఏం చెబుతున్నాయన్నది వకీళ్ళ గొడవ, మనకెందుకు అనుకునేవాళ్ళున్నారు. ఆ గొడవ మనదే. లైసెన్సు తిరిగి ఇవ్వను అని అధికారి అన్నప్పుడు ఆ మాటను కోర్టు ఎట్లా తూస్తుందో తెలియకపోతే, పోరాడి తీయించిన తుపాకీ మన కళ్ళముందే తిరిగిపోతుంది. మనం చూస్తూ కూచుంటాం.

ముందు చట్టం సంగతి చూద్దాం. 1959 ఆయుధాల చట్టంలో 17వ సెక్షన్ లైసెన్సును సస్పెండ్ చేసే అధికారం, రద్దు చేసే అధికారం ఇచ్చింది. ప్రజాశాంతికి, ప్రజల భద్రతకు అవసరమనుకుంటే రద్దు చేయొచ్చు. అబద్ధాలు చెప్పి లైసెన్సు తెచ్చుకున్నా, షరతులు మీరినా, మనిషి అందుకు తగినవాడు కాకపోయినా రద్దు చేయొచ్చు. కానీ ఎందుకు రద్దు చేస్తున్నారో కాగితం మీద రాయాలి. అది కూడా అదే సెక్షన్‌లో ఉంది. 18వ సెక్షన్ కింద పై అధికారికి అప్పీలు ఉంది. అక్కడా కుదరకపోతే రాజ్యాంగం 226వ అధికరణం కింద హైకోర్టులో రిట్ ఉంది.

రిట్ వేసినప్పుడు హైకోర్టు ఏం చూస్తుంది? లైసెన్సుదారు మంచివాడా చెడ్డవాడా అన్న విచారణ అక్కడ జరగదు. అధికారి నిర్ణయం తీసుకున్న తీరు చూస్తుంది. నోటీసు ఇచ్చారా, అతని సమాధానం విన్నారా, కారణాలు రాశారా, ఆ కారణాలకు ఫైల్లో ఆధారం ఉందా? ఈ నాలుగింటిలో ఏది లేకపోయినా ఆర్డరు నిలవదు. ఒక క్రిమినల్ కేసు పెండింగులో ఉన్నంత మాత్రాన లైసెన్సు రద్దు చేయడం కుదరదనీ, ప్రజాశాంతికి ఏ విధంగా ముప్పో చూపించాలనీ అలహాబాద్ హైకోర్టు నుంచి దశాబ్దాలుగా తీర్పులు వస్తూనే ఉన్నాయి. మిగతా హైకోర్టుల్లోనూ వాదన ఈ దారినే నడుస్తోంది.

ఈ సూత్రంతో మాకు పేచీ లేదు. కారణం చెప్పకుండా ఎవరి దగ్గరి నుంచీ దేన్నీ లాక్కోగూడదన్న సూత్రం దళితులకు అందరికన్నా ఎక్కువ అవసరం. అసైన్డు భూమి పట్టా రద్దయినా, రేషన్ కార్డు తీసేసినా, అంగన్‌వాడీ ఆయమ్మను ఇంటికి పంపినా మనం హైకోర్టుకు వెళ్ళి అడిగేది ఇదే గదా. కారణాలు రాయని ఆర్డరు చెల్లదని వాదించి మన బిడ్డలు ఉద్యోగాలు నిలబెట్టుకున్నారు. ఆ సూత్రాన్ని పెత్తందారు వాడుకుంటున్నాడని సూత్రాన్నే పాతిపెడదామా? అది మన గొయ్యి మనం తవ్వుకోవడమే.

మరి లోపం ఎక్కడ? ఆర్డరు రాసే కలం దగ్గర. రద్దు ఆర్డరు ఎట్లా పుడుతుందో గమనించండి. ఎస్సై ఒక రిపోర్టు రాస్తాడు. ఫలానావాళ్ళ మీద ఫలానా నంబరు కేసు ఉంది, కాబట్టి లైసెన్సు రద్దుకు సిఫారసు చేస్తున్నాం అంటాడు. ఆ వాక్యాన్నే కింద గుమాస్తా టైపు కొడతాడు, పైన దొర సంతకం పెడతాడు. పదిమందికి పది ఆర్డర్లు, పదింటిలోనూ అదే పేరా, పేర్లు మాత్రం మారుతాయి. ఎవడు ఎవరిని బెదిరించాడు, ఎక్కడ తుపాకీ చూపించాడు, వాడలో ఎన్ని ఇళ్ళవాళ్ళు ఊరొదిలి పోయారు, ఏ సాక్షి పోలీసులకు రక్షణ కోరుతూ దరఖాస్తు పెట్టుకున్నాడు, ఒక్క ముక్క ఉండదు. అట్లాంటి ఆర్డరును చూసి ఏ జడ్జీ అయినా కొట్టేయక ఏంచేస్తాడు?

చేతకాక అట్లా రాశారా, కావాలనే అట్లా రాశారా అన్నది మీరే ఆలోచించండి. పాలేరును కట్టేసి కొట్టిన కేసులో దళితుడు ఫిర్యాదు ఇస్తే అందులో వంద లొసుగులు వెతికే పోలీసు బుర్ర, పెత్తందారు లైసెన్సు రద్దు చేసేటప్పుడు నోటీసు ఇవ్వడం మరిచిపోతుందట! కోర్టులో నిలవని ఆర్డరు ఇస్తే రెండు పనులవుతాయి. ఇవాళ్టికి ఉద్యమం నోరు మూతపడుతుంది. రేపటికి పెత్తందారు పని జరుగుతుంది. ఎవరి చేతికీ మసి అంటదు. మేం చేయాల్సింది చేశాం, కోర్టు కొట్టేసింది అంటారు.

హైకోర్టులో ఆ కేసు నడిచే తీరు కూడా చూడండి. ఒకవైపు లైసెన్సుదారు, అతని పేరున్న వకీలు. రెండోవైపు ప్రభుత్వం, అంటే కలెక్టరు ఆఫీసు నుంచి వివరాలు రాలేదని వాయిదాలు అడిగే ప్రభుత్వ ప్లీడరు. ఎవరి ప్రాణం కోసం ఆ తుపాకీ తీశారో ఆ వాడ జనం ఆ కేసులో ఎక్కడా లేరు. వాళ్ళకు నోటీసు వెళ్ళదు. వాళ్ళ గోడు కాగితం మీదికి రాదు. న్యాయమూర్తి ముందు ఉండేది ఒక పౌరుడు, అతని ఆస్తి, ఒక అధికారి రాసిన పనికిమాలిన పేరా. ఆ మూడింటినే తూస్తే తక్కెడ ఎటు మొగ్గుతుంది?

ఇక రెండో మలుపు. కేసు కొట్టేశారు, నిర్దోషిగా విడుదలయ్యాడు, కాబట్టి లైసెన్సు పునరుద్ధరించండి అని అడుగుతారు. మామూలు కేసుల్లో ఈ వాదన సబబుగానే కనబడుతుంది. దళితుల మీద జరిగిన మారణకాండల్లో నిర్దోషి అన్న మాటకు ఏం విలువుందో మన చరిత్రను అడుగుదాం.

1991 ఆగస్టు 6న గుంటూరు జిల్లా చుండూరులో 8 మంది దళితులను నరికి చంపారు. ఊళ్ళోనే ప్రత్యేక కోర్టు పెట్టించుకోవడానికి ఏళ్ళ తరబడి పోరాడాం. 2007 జులై 31న 21 మందికి యావజ్జీవం, 35 మందికి ఏడాది శిక్ష పడ్డాయి. 2014 ఏప్రిల్ 22న హైకోర్టు అందరినీ వదిలేసింది. బీహార్‌లో 1996 జులైలో బథానీ టోలాలో 21 మందిని చంపారు. కింది కోర్టు శిక్షించిన 23 మందిని పాట్నా హైకోర్టు 2012లో విడిచిపెట్టింది. 1997 డిసెంబరు 1న లక్ష్మణ్‌పూర్ బాథేలో 58 మందిని చంపారు. 2013 అక్టోబరు 9న 26 మందీ బయటికొచ్చారు. 1968 డిసెంబరు 25న తమిళనాడు కీళవెణ్మణిలో 44 మంది గుడిసెలో కాలి చనిపోయారు. ఆ కేసులో భూస్వాములను మద్రాసు హైకోర్టు విడుదల చేసింది.

మరి ఇన్ని శవాలు తమంతట తామే పడ్డాయా? కోర్టు చెప్పింది, సందేహానికి తావు లేకుండా రుజువు కాలేదని మాత్రమే. ఒక మనిషిని జైల్లో పెట్టాలంటే అంత రుజువు కావాలి, ఒప్పుకుంటాం. ఒక మనిషి చేతికి తుపాకీ ఇవ్వడానికి కూడా అదే కొలతా? జైలు శిక్ష జరిగిపోయినదానికి వేసేది. లైసెన్సు రద్దు జరగబోయేదాన్ని ఆపడానికి చేసేది. మొదటిదానికి నేరం రుజువు కావాలి. రెండోదానికి శాంతికి ముప్పు ఉందని నమ్మడానికి తగిన ఆధారం చాలు. కేసు కొట్టేసినా ఆ ముప్పు పోయిందో లేదో విడిగా చూడాలి. సాక్షులు ఎందుకు అడ్డం తిరిగారో చూడాలి. ఊళ్ళో బహిష్కరణ ఇంకా నడుస్తోందా, భూమి తగాదా తీరిందా, పారిపోయిన కుటుంబాలు వెనక్కి వచ్చాయా అని చూడాలి. ఇవేవీ చూడకుండా తీర్పు కాపీ చివరి పేజీ చూసి తుపాకీ చేతిలో పెట్టే అధికారి శాంతిభద్రతలు చూసే అధికారి కాడు, పెత్తందారు గుమాస్తా.

అయినా కారంచేడులో, చుండూరులో వాడింది గొడ్డళ్ళు, బరిసెలు గదా, తుపాకీ ఊసెందుకు అని కొందరు మిత్రులు అడుగుతారు. తుపాకీ పేలితేనే పనిచేస్తుందనుకోవడం అమాయకత్వం. గోడకు వేలాడుతూనే అది పనిచేస్తుంది. తిరునాళ్ళలో భుజాన వేసుకుని నడిస్తే పనిచేస్తుంది. కూలి రేటు పెంచమని అడగబోయినవాడి గొంతులో పనిచేస్తుంది. సాక్షి సమన్లు అందుకున్న రాత్రి అతని భార్య కళ్ళలో పనిచేస్తుంది. రాయలసీమ ముఠా గ్రామాల జనానికి ఇది ఒకరు చెప్పనక్కర్లేదు. ఇక పేలినచోట ఏమైందో తెలియనిదా? 1977 మే 27న బీహార్ బెల్చిలో 11 మందిని కాల్చి మంటల్లో వేశారు. 2019 జులై 17న ఉత్తరప్రదేశ్ సోన్‌భద్ర జిల్లా ఉంభాలో భూమి దున్నుకుంటున్న గోండు ఆదివాసుల మీద కాల్పులు జరిపి కనీసం 10 మందిని చంపారు. భూమి ఎవరిదో తేల్చడానికి తుపాకీనే రెవెన్యూ రికార్డు చేసుకున్నారు.

ఇప్పుడు అసలు మాటకు వద్దాం. ఎస్సీ ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం 1989లో వచ్చింది. దాని నియమాలు 1995లో వచ్చాయి. ఆ నియమాల్లో 3వ నియమం ఎంతమంది చదివారు? అత్యాచారాలు జరిగే అవకాశం ఉన్న ప్రాంతాలను ప్రభుత్వం గుర్తించాలి. కలెక్టరు, ఎస్పీ అక్కడికి వెళ్ళి పరిస్థితి చూడాలి. అవసరమైతే ఆ ప్రాంతంలో ఎస్సీ, ఎస్టీలు కానివాళ్ళ ఆయుధ లైసెన్సులు రద్దు చేయాలి. వాళ్ళ దగ్గరి బంధువులవీ, పనివాళ్ళవీ, కుటుంబ మిత్రులవీ కూడా రద్దు చేసి ఆయుధాలు ప్రభుత్వ ఆయుధాగారంలో పెట్టించాలి. దొంగ తుపాకులు పట్టుకోవాలి. ఎస్సీ, ఎస్టీల ప్రాణానికి, ఆస్తికి రక్షణగా అవసరమైతే వాళ్ళకు లైసెన్సులు ఇవ్వాలి. ఇది మా డిమాండు కాదు, భారత ప్రభుత్వం గెజిట్‌లో అచ్చేసిన నియమం.

దీన్ని వాడే కలెక్టర్లు ఎందరు? వాడినా ఎట్లా వాడతారు? రద్దు ఆర్డరులో ఆయుధాల చట్టం 17వ సెక్షన్ రాస్తారు, అత్యాచారాల చట్టం 17వ సెక్షన్ రాయరు. రెండు చట్టాల్లోనూ అదే నంబరు! ఆ రెండో 17వ సెక్షన్ కింద ఒక ప్రాంతాన్ని అత్యాచారాలు జరిగే ప్రాంతంగా ప్రకటించి ముందు జాగ్రత్త చర్యలు తీసుకోవచ్చు. ఆ ప్రకటన ఉంటే, కలెక్టరూ ఎస్పీ ఊరికి వెళ్ళి రాసిన రిపోర్టు ఉంటే, ఒక్కొక్క లైసెన్సుదారుకూ ఆ పరిస్థితికీ ఉన్న సంబంధం రాసి ఉంటే, ప్రజాశాంతికి ముప్పు ఏదీ అని హైకోర్టు అడిగినప్పుడు ఫైలే జవాబు చెబుతుంది. అప్పుడు కోర్టు కూడా ఆ ఆర్డరును తేలిగ్గా తీసిపారేయలేదు. మేం కోర్టును తిట్టి ఊరుకోవడం లేదు. కోర్టు అడిగే ప్రశ్నకు జవాబు సిద్ధం చేయమని ప్రభుత్వాన్ని నిలదీస్తున్నాం.

నాణేనికి రెండోవైపు ఇంకా చీకటి. బెదిరింపులున్న దళితుడు, పెత్తందార్ల మీద సాక్ష్యం చెప్పబోయే దళితుడు లైసెన్సుకు దరఖాస్తు పెడితే ఏమవుతుంది? ఎస్సై విచారణకొస్తాడు. ఏముందిరా నీ దగ్గర కాపాడుకోడానికి అంటాడు. ఎకరం భూమి లేదు, బంగారం లేదు, తుపాకీ దేనికి అని రాస్తాడు. ఆయుధాల చట్టం 14వ సెక్షన్ ఏమంటోంది? తగినంత ఆస్తి లేదన్న ఒక్క కారణంతో లైసెన్సు నిరాకరించకూడదు అంటోంది. 1959 నుంచీ ఆ మాట చట్టంలో ఉంది. ప్రాణం కూడా కాపాడుకోవాల్సిన ఆస్తే అని చట్టం ఒప్పుకుంది, ఠాణా ఒప్పుకోలేదు. పెత్తందారు లైసెన్సు తిరిగి ఇవ్వకపోతే హైకోర్టు దాకా వెళ్ళే స్తోమత అతనికుంది. దళితుడి దరఖాస్తు బీరువాలో మగ్గితే ఎవరు రిట్ వేస్తారు? నిరాకరించినా కారణాలు రాయాలని అదే సెక్షన్ చెబుతోంది. అందుకే చాలాసార్లు నిరాకరించరు, అసలు జవాబే ఇవ్వరు.

ఈ అన్యాయం ఇవాళ్టిది కాదు. ఆయుధం, చదువు, ఆస్తి ఈ మూడింటికీ దూరం చేయడం వల్లనే ఈ దేశంలో కింది కులాలు తిరగబడలేకపోయాయని అంబేడ్కర్ 1936లో కుల నిర్మూలనలో వాదించారు. బ్రిటిష్‌వాడు 1857 తిరుగుబాటు చూసి భయపడి 1878లో ఆయుధాల చట్టం తెచ్చాడు. తెల్లవాళ్ళకు మినహాయింపు, నల్లవాళ్ళకు లైసెన్సు. మనువు పెట్టిన లైసెన్సు విధానం అంతకంటే పాతది. అందులో అప్పీలు కూడా లేదు. సైన్యంలో తరాల తరబడి పనిచేసిన మహర్లను యుద్ధజాతి కాదని 1890లలో చేర్చుకోవడం మానేశారు. 1941లో గానీ మహర్ రెజిమెంట్ ఏర్పడలేదు. సరిహద్దులో రైఫిలు మోయడానికి పనికొచ్చిన చేయి, సొంత గుమ్మంలో నిలబడితే అనుమానించాల్సిన చేయి ఎట్లా అయింది?

ఈ వివక్ష మన దేశానికే పరిమితం కాదు. 1956 జనవరిలో అమెరికాలోని మాంట్‌గోమరీలో మార్టిన్ లూథర్ కింగ్ ఇంటి మీద బాంబు వేశారు. ఆత్మరక్షణకు పిస్తోలు వెంట ఉంచుకునే అనుమతి కోసం ఆయన దరఖాస్తు పెట్టారు. అధికారులు నిరాకరించారు. తుపాకీ రాజ్యాంగ హక్కని చెప్పుకునే దేశంలోనే, ఇంటి మీద బాంబు పడిన నల్లవాడికి అనుమతి దొరకలేదు. ఇవ్వడమా మానడమా అన్నది అధికారి ఇష్టానికి వదిలేసినచోట ఆ ఇష్టానికి రంగు ఉంటుంది, కులం ఉంటుంది. కింగ్ తర్వాత ఇంట్లో కూడా ఆయుధం వద్దనుకున్నారు. వద్దనుకోవడం వేరు, నీకు తగదని పక్కకు నెట్టడం వేరు.

అయితే ప్రతి గుడిసెకూ ఒక తుపాకీ ఇమ్మని అడుగుతున్నామా? లేదు. రాజ్యాంగ సభలో 1948 డిసెంబరులో హెచ్.వి. కామత్ ఆయుధాల హక్కును ప్రాథమిక హక్కుల్లో చేర్చాలని సవరణ తెచ్చారు. 1931 కరాచీ కాంగ్రెసు తీర్మానంలో ఆ హక్కు ఉంది. అంబేడ్కర్ ఒప్పుకోలేదు. ఎవడికి వాడు బజారుకెళ్ళి ఆయుధాలు కొనుక్కునే హక్కుంటే రాజ్యం నడవదన్నారు. 2023లో సుప్రీంకోర్టు కూడా ఉత్తరప్రదేశ్ నుంచి వచ్చిన కేసులో, లైసెన్సు లేని ఆయుధాల బెడద మీద ఆందోళనపడుతూ, అమెరికాలో లాగా ఇక్కడ తుపాకీ ప్రాథమిక హక్కు కాదంది. మేం అంబేడ్కర్ మాట మీదే ఉన్నాం. తుపాకులు పెరిగితే ముందు కూలేది మన వాడే. మేం అడిగేది తుపాకులు తగ్గించమని. ఎవరి తుపాకీ ఎవరి నోరు మూస్తోందో వాళ్ళతో మొదలుపెట్టమని. ప్రాథమిక హక్కు కానిదాన్ని పెత్తందారుకు మాత్రం పుట్టుకతో వచ్చిన హక్కుగా నడపొద్దని. రాజ్యం మనకు రక్షణ ఇవ్వలేనప్పుడు, చట్టం ఇచ్చిన లైసెన్సు కూడా ఇవ్వనంటే, మనల్ని ఎవరి దయకు వదిలేస్తున్నట్టు?

అందుకని రెండు తెలుగు రాష్ట్రాల ప్రభుత్వాలనూ అడుగుతున్నాం. అత్యాచారాలు జరిగే అవకాశం ఉన్న గ్రామాల జాబితా, ఆ గ్రామాల్లో ఉన్న లైసెన్సుల సంఖ్య, రద్దయినవెన్ని, తిరిగి ఇచ్చినవెన్ని, దళితులు ఆదివాసులు పెట్టుకున్న దరఖాస్తులెన్ని, వాటిలో ఇచ్చినవెన్ని, లెక్క బయటపెట్టండి. రద్దు ఆర్డర్లు నోటీసుతో, విచారణతో, మనిషి మనిషికీ కారణాలతో రాయండి. కోర్టు ఆర్డరు కొట్టేసి తిరిగి ఆలోచించమని పంపితే, తుపాకీ ఇచ్చేయమని చెప్పిందని అబద్ధం అర్థం తీయకుండా, సరైన ఆధారాలతో కొత్త ఆర్డరు ఇవ్వండి. రాతలో లోపం వల్ల ఆర్డరు పోతే ఆ రాసినవాడి మీద చర్య తీసుకోండి.

కార్యకర్తలకు నాలుగు మాటలు. కలెక్టరు ప్రకటన చూసి చప్పట్లు కొట్టి వెళ్ళిపోవద్దు. ఆర్డరు కాపీ సంపాదించండి. ఇవ్వకపోతే 2005 సమాచార హక్కు చట్టం కింద అడగండి. అందులో కారణాలు లేకపోతే అప్పుడే, పికెట్ ఉండగానే, సరిదిద్దమని రాతపూర్వకంగా అడగండి. బెదిరింపులు జరిగిన ప్రతిసారీ తేదీతో సహా ఫిర్యాదు రాసి రసీదు తీసుకోండి. రేపు హైకోర్టు అడిగే ఆధారం అదే. లైసెన్సుదారు రిట్ వేశాడని తెలియగానే బాధిత కుటుంబాల తరఫున ఆ కేసులో చేరుతూ పిటిషన్ వేయించండి. అత్యాచారాల చట్టానికి 2015లో చేసిన సవరణ బాధితులకు ఆ చట్టం కింద నడిచే విచారణల్లో తమ మాట వినిపించుకునే హక్కు ఇచ్చింది. దాన్ని ఆసరా చేసుకుని లైసెన్సు కేసులోనూ మా మాట వినమని అడగాలి. జిల్లా విజిలెన్సు మానిటరింగ్ కమిటీ మూడు నెలలకోసారి కలెక్టరు అధ్యక్షతన కూర్చోవాలి. ఆ సమావేశం ఎజెండాలో లైసెన్సుల లెక్క ఒక అంశంగా పెట్టించండి. కమిటీలో ఉన్న మన సభ్యులు టీ బిస్కెట్లకు సంతకం పెట్టి లేచి రావద్దు.

కోర్టు తక్కెడలో పెత్తందారు ఒకవైపు ఎప్పుడూ ఎక్కి కూర్చునే ఉన్నాడు. రెండోవైపు కలెక్టరు రాసిన ఒక్క పేరా మాత్రమే ఉంటే అది తేలిపోతుంది. అక్కడ వాడ ఎక్కాలి. వాడ పేరు, వాడ భయం, వాడ చచ్చినవాళ్ళ లెక్క ఎక్కాలి. అప్పుడు చూద్దాం ఆ తుపాకీ ఎవరింటికి పోతుందో.

జై భీం!